ఆసఫ్‌జాహీ వారసత్వ యుద్ధంలో అశ్వికదళం, ఫిరంగిదళం (1748–1756)

లక్ష్యాలు

ఈ భాగం చదివిన తరువాత మీరు కింది విషయాలను మీ సొంత మాటల్లో వివరించగలుగుతారు:
– 1748 తరువాత దక్కనులో జరిగిన వారసత్వ పోరును అంతర్యుద్ధంగా ఎందుకు పరిగణించవచ్చు;
– ఆనాటి అశ్వికదళం, ఫిరంగిదళం ఎలా ఏర్పడ్డాయి, ఎవరి ఆధీనంలో ఉండేవి;
– ఆంబూరు, జింజీ, రాయచోటి పోరాటాల్లో ఈ రెండు దళాల పాత్ర;
– సైన్యం జీతాల సమస్యకూ ఉత్తర సర్కారులు చేతులు మారడానికీ ఉన్న సంబంధం.

1. ప్రస్తావన

ఈ పాఠం రాస్తున్న నేను ఉండేది బోరబండలో. ఇక్కడి నుంచి గోల్కొండ కోట పది కిలోమీటర్ల లోపే ఉంటుంది. విద్యార్థులను కోట చూపించడానికి తీసుకువెళ్ళిన ప్రతిసారీ పెట్లబురుజు మీద ఉన్న ఫతే రహబర్ ఫిరంగి దగ్గర అందరూ ఆగేవారు. "సార్, ఇంత పెద్ద ఫిరంగి ఉన్నాక యుద్ధం గెలవకుండా ఎట్లుంటరు?" అని ఎవరో ఒకరు అడిగేవారు. ఆ ఫిరంగి ఔరంగజేబుది. 1687లో మొగలు సైన్యం గోల్కొండను సుమారు ఎనిమిది నెలలు ముట్టడించింది. పెద్ద ఫిరంగులు ఎన్ని మోగినా గోడ కూలి కోట స్వాధీనం కాలేదు. చివరికి లోపలివాడే ఒకడు రాత్రివేళ తలుపు తీయడంతో కోట పడిపోయింది.

ఆ విద్యార్థి ప్రశ్నకు సమాధానం ఈ సంఘటనలో సగం దొరుకుతుంది. ఆయుధం ఒక్కటే యుద్ధాన్ని నిర్ణయించదు. దాన్ని నడిపే మనిషి ఎవరి మాట వింటాడు, ఎవరి దగ్గర జీతం తీసుకుంటాడు అన్నదీ అంతే ముఖ్యం. ఇద్దరు రాజుల మధ్య యుద్ధంలో ఇది కొంత దాగి ఉంటుంది. ఒకే రాజ్యంలోని వారు రెండుగా చీలి పోరాడే అంతర్యుద్ధంలో మాత్రం బయటపడుతుంది. ఎందుకంటే అంతర్యుద్ధంలో ప్రతి సర్దారుకూ రెండు దారులు తెరిచే ఉంటాయి.

ఈ భాగంలో మనం తీసుకునే ఉదాహరణ, మొదటి ఆసఫ్‌జా మరణానంతరం ఆయన కుమారుడికీ దౌహిత్రుడికీ మధ్య మొదలై, హైదరాబాదు రాజ్య స్వరూపాన్నే మార్చిన పోరు.

2. ఇది అంతర్యుద్ధమేనా?

నిజాం ఉల్ ముల్క్ ఆసఫ్‌జా 1748 జూన్ 1న బుర్హాన్‌పూర్‌లో మరణించాడు. 1724లో శకర్‌ఖేడా యుద్ధంలో ముబారిజ్‌ఖాన్‌ను ఓడించినప్పటి నుంచి దక్కను సుబాలు ఆయన చేతిలో ఉన్నాయి. పేరుకు ఆయన మొగలు చక్రవర్తి సుబేదారు, ఆచరణలో స్వతంత్ర పాలకుడు. ఈ ద్వంద్వ స్థితే చిక్కు తెచ్చింది. సుబేదారు పదవి చక్రవర్తి ఇచ్చేది, వారసత్వంగా వచ్చేది కాదు. స్వతంత్ర రాజ్యం అయితే వారసుడు కావాలి. ఎవరు వారసుడో చెప్పే నియమం ఏదీ స్థిరపడలేదు.

పెద్ద కుమారుడు ఘాజీయుద్దీన్ ఢిల్లీలో ఉన్నాడు. రెండవ కుమారుడు నాసిర్‌జంగ్ 1741లో తండ్రి మీదనే తిరుగుబాటు చేసి ఓడి, తరువాత క్షమాపణ పొందినవాడు. తండ్రి చనిపోయినప్పుడు దగ్గరున్న ఇతడే ఖజానానూ సైన్యాన్నీ చేతిలోకి తీసుకున్నాడు. ఆసఫ్‌జా కుమార్తె కొడుకు ముజఫర్‌జంగ్, తాత సుబాను తనకే ఉద్దేశించాడని ప్రకటించి ఎదురు నిలిచాడు. అతనికి కర్ణాటక నవాబు పదవి ఆశిస్తున్న చందాసాహెబు తోడయ్యాడు. ఈ ఇద్దరికీ పుదుచ్చేరిలోని ఫ్రెంచి గవర్నరు డూప్లే అండగా నిలిచాడు. కర్ణాటక నవాబు అన్వరుద్దీన్, ఆ తరువాత అతని కుమారుడు మహమ్మదలీ, ఇంగ్లీషువారు నాసిర్‌జంగ్ పక్షాన ఉన్నారు.

మన పాఠ్యపుస్తకాల్లో ఈ ఘట్టం 'రెండవ కర్ణాటక యుద్ధం' అనే శీర్షిక కింద, ఇంగ్లీషు–ఫ్రెంచి పోటీగా కనిపిస్తుంది. అది తప్పు కాదు, కానీ సగమే. పోరాడిన వారిలో అత్యధికులు ఒకే రాజ్యానికి చెందిన సర్దార్లు, సిపాయిలు, రౌతులు. ఒకే కుటుంబంలోని మామ, మేనల్లుడు రెండు పక్షాలకు నాయకులు. కడప, కర్నూలు, సవనూరు పఠాను నవాబులు నిజాముకు లోబడిన వారే. అందువల్ల విదేశీ కంపెనీల జోక్యంతో నడిచిన అంతర్యుద్ధంగా దీన్ని చదవడం సబబు. తెలుగునాట 12వ శతాబ్దపు పల్నాటి యుద్ధం కూడా దాయాదుల పోరే. అయితే అప్పటికి ఇక్కడ తుపాకిమందు లేదు. దాయాదుల పోరులో ఫిరంగి చేరితే ఏమవుతుందో 1748 తరువాతి సంఘటనలు చూపుతాయి.

3. అశ్వికదళం: బలం, బలహీనత

18వ శతాబ్దపు దక్కనులో సైన్యం అంటే ముందుగా గుర్రాలే. రౌతుల్లో రెండు రకాల వారుండేవారు. సొంత గుర్రం, సొంత ఆయుధాలతో కొలువులో చేరేవాడు సిలేదారు. సర్కారో సర్దారో ఇచ్చిన గుర్రం ఎక్కేవాడు బార్గీరు. వీరిని సమకూర్చే బాధ్యత జాగీర్దార్లది. తనకు వచ్చిన జాగీరు ఆదాయంతో ఇన్ని గుర్రాలు పోషించాలన్న లెక్క ఉండేది. లెక్కలో మోసం లేకుండా గుర్రాలకు ముద్ర వేసే 'దాగ్' పద్ధతి మొగలుల నాటి నుంచి ఉంది, కానీ దాని అమలు సడలిపోయింది.

ఈ ఏర్పాటులో మూడు విషయాలు గమనించండి.

మొదటిది, వేగం. గుర్రపు దళం రోజుల తరబడి శత్రువు చుట్టూ తిరుగుతూ ధాన్యం, గడ్డి, ఎడ్లు అందకుండా చేయగలదు. పారిపోయే శత్రువును తరిమి నాశనం చేయగలదు. ఈ పనుల్లో దాన్ని మించిన దళం లేదు.

రెండవది, జంకు. సిలేదారుకు గుర్రమే పెట్టుబడి. గుర్రం చస్తే అతని బతుకుతెరువు పోయినట్టే. కొత్త గుర్రం కొనే స్తోమత చాలామందికి ఉండదు. కనుక గుండ్ల వర్షంలోకి గుర్రాన్ని దూకించడానికి అతడు వెనుకాడేవాడు. దీన్ని పిరికితనంగా వర్ణించిన ఐరోపా రచయితలు ఉన్నారు. ఒక్క ఎద్దు మీద ఆధారపడిన రైతు వరదలోకి దాన్ని తోలకపోవడం ఎంత పిరికితనమో ఇదీ అంతే.

మూడవది, విధేయత. రౌతు తన సర్దారును ఎరుగును, సర్దారు తన లాభాన్ని ఎరుగును. నిజాము దగ్గరకు ఆ విధేయత సర్దారు ద్వారానే చేరాలి. మధ్యలో సర్దారు మనసు మారితే వేలాది గుర్రాలు ఒక్కపూటలో పక్షం మారతాయి, లేదా కదలకుండా నిలబడతాయి.

4. ఫిరంగిదళం: పాతది, కొత్తది

దక్కనుకు ఫిరంగి కొత్తది కాదు. బహమనీల కాలం నుంచి ఇక్కడ ఫిరంగులు పోతపోస్తున్నారు. మొగలు సైన్యంలో తోప్‌ఖానాకు ప్రత్యేక అధికారి ఉండేవాడు. అయితే ఆ ఫిరంగుల్లో ఎక్కువ భాగం కోటల కోసం ఉద్దేశించినవి. వాటిని లాగడానికి ఎడ్ల బారులు కావాలి. బోరబండ, మాదాపూరు చుట్టుపక్కల ఇంకా మిగిలిన గుండ్రాళ్ళను చూసినవారు, దారీతెన్నూ లేని ఆ నేల మీద అటువంటి ఫిరంగిని ఒక మైలు కదపడం ఎంత పనో ఊహించుకోవచ్చు. ఒకసారి నిలిపిన తరువాత దాన్ని తిప్పడమూ కష్టమే.

ఫ్రెంచివారు తెచ్చిన తేడా ఫిరంగి పరిమాణంలో లేదు, వాడుకలో ఉంది. తేలికైన చిన్న ఫిరంగులు పదాతిదళంతో పాటే కదిలేవి. ఒక్కొక్క ఫిరంగి దగ్గర ఎవరు మందు కూరాలి, ఎవరు గొట్టం తుడవాలి, ఎవరు నిప్పు పెట్టాలి అన్నది కవాతుతో అలవాటు చేసేవారు. 1746లో మద్రాసు దగ్గర ఫ్రెంచివారికీ అన్వరుద్దీన్ కుమారుడు మహఫూజ్‌ఖాన్ సైన్యానికీ జరిగిన పోరును వర్ణిస్తూ, ఆ కాలపు ఇంగ్లీషు చరిత్రకారుడు రాబర్ట్ ఓర్మ్ ఒక మాట చెప్పాడు. పావుగంటకు ఒకసారి పేలిస్తే బాగా పేల్చినట్టే అనుకునే రౌతులు, ఒకే ఫిరంగి నిమిషానికి ఐదారుసార్లు పేలడం చూసి చెదిరిపోయారట. అంకెల్లో కొంత అతిశయం ఉన్నా తేడా ఎక్కడుందో ఈ మాట స్పష్టం చేస్తుంది. రెండు ఫిరంగి మోతల మధ్య దొరికే విరామంలోనే అశ్వికదళం దూకి మీద పడగలదు. ఆ విరామం తగ్గిపోతే దాడికి అవకాశమే ఉండదు.

దీనితో పాటు మరొక తేడా ఉంది. ఈ కొత్త దళానికి జాగీరు లేదు, నెలజీతం ఉంది. ఫిరంగి సిబ్బందినీ, వారిని కాచే తుపాకి సిపాయిలనూ నిలుపుకోవాలంటే ప్రతి నెలా నగదు కావాలి. ఈ విషయాన్ని గుర్తుంచుకోండి. 7వ విభాగంలో మళ్ళీ దీని దగ్గరకే వస్తాం.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1
అ) సిలేదారుకూ బార్గీరుకూ తేడా ఏమిటి?
ఆ) కోటల ముట్టడికి వాడే ఫిరంగికీ, మైదానంలో వాడే తేలిక ఫిరంగికీ ఉన్న తేడాను రెండు మూడు వాక్యాల్లో రాయండి.

5. యుద్ధ గమనం

5.1 ఆంబూరు (1749 ఆగస్టు 3)

ముజఫర్‌జంగ్, చందాసాహెబుల సైన్యం ఫ్రెంచి దళంతో కలిసి ఆంబూరు కనుమ దగ్గర అన్వరుద్దీన్‌ను ఎదుర్కొంది. అన్వరుద్దీన్ కొండకూ చెరువుకూ నడుమ కట్ట వేసి ఫిరంగులు నిలిపాడు. వాటి దగ్గర కొందరు ఐరోపావారు కూడా పనిచేశారు. అంటే ఫిరంగులు ఒక పక్షానికే పరిమితం కాలేదు. ఫ్రెంచివారి మొదటి దాడులు విఫలమయ్యాయి, మూడవ దాడిలో కట్ట దాటారు. ఏనుగు మీద ఉన్న అన్వరుద్దీన్ తుపాకి గుండు తగిలి మరణించాడు. నాయకుడు పడిపోగానే అశ్వికదళం చెల్లాచెదురయింది. నాయకుణ్ణి అందరికీ కనబడేలా ఏనుగు మీద కూర్చోబెట్టడం పాత పద్ధతి. అతడు కనబడినంత సేపూ సైన్యం నిలిచేది. గురి చూసి కాల్చే తుపాకులు వచ్చాక ఆ ఏనుగే ప్రమాదంగా మారింది.

5.2 జింజీ (1750)

1750 ఆరంభంలో నాసిర్‌జంగ్ స్వయంగా కర్ణాటకానికి వచ్చాడు. అతని సైన్యం మూడు లక్షలనీ, అందులో సగానికి పైగా గుర్రపు దళమనీ, ఎనిమిది వందల ఫిరంగులు ఉన్నాయనీ ఓర్మ్ రాశాడు. ఇవి విని రాసిన అంకెలు. వీటిని అక్షరాలా నమ్మనవసరం లేదు. శిబిరంలో పోరాడేవారికంటే వ్యాపారులు, పనివారు, కుటుంబాలు ఎక్కువగా ఉండేవారని గుర్తుంచుకోవాలి. అయినా అది చాలా పెద్ద సైన్యం అనడంలో సందేహం లేదు.

ఆ వసంతంలో మొదట కూలిపోయింది ఫ్రెంచి దళమే. తంజావూరు నుంచి వచ్చిన సొమ్ములో తమకు వాటా దక్కలేదని అలిగిన ఫ్రెంచి అధికారులు కొందరు, పోరుకు ముందు పదవులకు రాజీనామా ఇచ్చారు. దళం పుదుచ్చేరికి వెనుదిరిగింది. వెనుక మిగిలిపోయిన కొందరు ఫిరంగి సిబ్బంది మరాఠా సర్దారు మురారిరావు రౌతులకు చిక్కి హతులయ్యారు. ముజఫర్‌జంగ్ లొంగిపోయి బందీ అయ్యాడు. కవాతు నేర్చిన దళం కూడా డబ్బు గొడవకు అతీతం కాదనీ, కాపు లేని ఫిరంగి గుర్రాలకు సులువుగా చిక్కుతుందనీ ఈ ఘటన నేర్పుతుంది.

సెప్టెంబరులో బుస్సీ జింజీ కోటను పట్టుకోవడంతో పరిస్థితి మారింది. డిసెంబరు 16 తెల్లవారుజామున ఫ్రెంచి దళం నాసిర్‌జంగ్ శిబిరం మీద దాడి చేసింది. దాని బలం ఓర్మ్ ప్రకారం 800 మంది ఐరోపావారు, 3,000 మంది సిపాయిలు, 10 ఫిరంగులు. అంత విశాలమైన శిబిరాన్ని ఈ కొద్దిమంది గెలవడం ఎలా సాధ్యమైంది? గుండ్ల మోతలో ఒక చోట పెద్ద అశ్వికదళం బారు తీరి, ఏనుగు మీద తెల్ల జెండాతో, కదలకుండా నిలబడి ఉంది. అది ముందుగా అనుకున్న సంకేతం. కడప, కర్నూలు నవాబులు అప్పటికే డూప్లేతో మాట్లాడుకుని ఉన్నారు. వారు ఎందుకు కదలడం లేదో తెలుసుకోవడానికి నాసిర్‌జంగ్ తానే ఏనుగు మీద అక్కడికి వెళ్ళాడు. వారి చేతిలోనే తుపాకి గుండుకు బలయ్యాడు. కొద్దిసేపటికే ముజఫర్‌జంగ్ సంకెళ్ళ నుంచి సింహాసనానికి వచ్చాడు.

జింజీలో ఫిరంగులు పోరును మొదలుపెట్టాయి. దాన్ని ముగించింది కదలని గుర్రాలు.

5.3 రాయచోటి (1751 ఫిబ్రవరి)

ముజఫర్‌జంగ్ హైదరాబాదు వైపు బయలుదేరాడు. వెంట బుస్సీ నాయకత్వాన సుమారు 300 మంది ఫ్రెంచివారు, 2,000 మంది సిపాయిలు, కొన్ని తేలిక ఫిరంగులు ఉన్నాయి. తమ సహాయానికి తగిన ప్రతిఫలం దక్కలేదని పఠాను నవాబులు అప్పటికే కోపంగా ఉన్నారు. పూర్వపు కడప జిల్లాలోని రాయచోటి, లక్కిరెడ్డిపల్లి ప్రాంతపు కనుమ దగ్గర వారు దారికి అడ్డు నిలిచారు.

ఇక్కడ జరిగింది మన పాఠానికి కీలకం. ముజఫర్‌జంగ్ ఆగ్రహంతో తన అశ్వికదళాన్ని తీసుకుని, కాలినడకన వచ్చే ఫ్రెంచి దళాన్నీ ఫిరంగులనూ వెనుక వదిలి ముందుకు దూకాడు. ఆ దాడి ఫలించలేదు. బుస్సీ ఫిరంగులు వచ్చి చేరాక గాని నవాబుల సేన చెదరలేదు. అంతటితో ఆగితే యుద్ధం గెలిచినట్టే. కాని ముజఫర్‌జంగ్ మళ్ళీ ఫిరంగులను వదిలి, పారిపోతున్న వారిని తరుముతూ వెళ్ళాడు. కర్నూలు నవాబు తిరగబడి విసిరిన ఈటె అతని తలలో దిగింది. నవాబు కూడా అక్కడే నరకబడ్డాడు. సవనూరు నవాబు మరణించాడు, కడప నవాబు గాయాలతో తప్పించుకున్నాడు.

సైన్యం గెలిచింది, రాజు లేడు. శిబిరంలో బందీలుగా ఉన్న ఆసఫ్‌జా కుమారుల్లో పెద్దవాడైన సలాబత్‌జంగ్‌ను బుస్సీ విడిపించి నిజాముగా ప్రకటించాడు. మూడేళ్ళ లోపే నాలుగవ పాలకుడు. ఒక విదేశీ కంపెనీ సేనాని, తన దగ్గరున్న కొద్దిపాటి దళం అండతో, దక్కనుకు పాలకుణ్ణి ఎంపిక చేశాడు. ఆ రోజు అది అందరికీ తాత్కాలిక ఏర్పాటుగానే కనబడి ఉంటుంది.

6. ఇతర దేశాల అనుభవం

ఈ పరిస్థితి దక్కనుకే ప్రత్యేకం కాదు. ఇంగ్లండు అంతర్యుద్ధంలో 1645 జూన్ 14న నేస్‌బీ దగ్గర రాజు పక్షపు సేనాని రూపర్ట్ తన అశ్వికదళంతో ఎదురుగా ఉన్న శత్రు పార్శ్వాన్ని చెదరగొట్టాడు. తరువాత అతని రౌతులు శత్రువు సామాన్ల బండ్ల వరకు దూసుకుపోయారు. తిరిగి వచ్చేసరికి యుద్ధం చేజారింది. పార్లమెంటు పక్షాన క్రామ్‌వెల్ రౌతులు కూడా తమ ఎదుటివారిని ఓడించారు, కాని చాలామంది ఆగి, తిరిగి, మైదానం మధ్యలోని రాజు పదాతిదళం మీద పడ్డారు. రాయచోటిలో ముజఫర్‌జంగ్ చేసిన పొరపాటు, నేస్‌బీలో రూపర్ట్ చేసిన పొరపాటు ఒకే జాతివి.

క్రామ్‌వెల్ రౌతులు ఆగడానికి కారణం వారి స్వభావం ఒక్కటే కాదు. ఆ ఏడాదే పార్లమెంటు ఏర్పరచిన కొత్త సైన్యానికి పన్నుల నుంచి క్రమంగా జీతాలిచ్చే ఏర్పాటు చేసింది. రౌతు కొల్లసొమ్ము మీద ఆధారపడినప్పుడు సామాన్ల బండి కనబడితే ఆగడు. నెలజీతం అందేవాడు ఆజ్ఞ కోసం ఆగుతాడు. ఇంగ్లండులో ఆ జీతం ఇచ్చినది ఆ దేశపు పార్లమెంటే. దక్కనులో పరిస్థితి ఇలా లేదు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 2
అ) అన్వరుద్దీన్, నాసిర్‌జంగ్, ముజఫర్‌జంగ్ – ఈ ముగ్గురిలో ఫిరంగి గుండుకు మరణించిన వారెవరైనా ఉన్నారా? మీ సమాధానం నుంచి ఏ నిర్ధారణకు రావచ్చు?
ఆ) రాయచోటి, నేస్‌బీ పోరాటాల్లోని పోలికను వివరించండి.

7. జీతం ఎవరిస్తారు? – ఉత్తర సర్కారుల ప్రశ్న

సలాబత్‌జంగ్ 1751లో హైదరాబాదు మీదుగా ఔరంగాబాదు చేరాడు. ఆ ఏడాది చివర పీష్వా బాలాజీ బాజీరావుతో జరిగిన యుద్ధంలో, చంద్రగ్రహణం రాత్రి బుస్సీ మరాఠా శిబిరం మీద ఫిరంగులతో దాడి చేశాడు. అది పేరుపొందిన విజయం. అయినా మరాఠా అశ్వికదళం చెదిరి మళ్ళీ కూడి, సరఫరాలను దెబ్బతీస్తూనే ఉంది. లోపల నిజాము సైన్యం జీతాలు అందక అలజడి చేసింది. 1752 ఆరంభంలో సంధి చేసుకోక తప్పలేదు. ఫిరంగి యుద్ధరంగాన్ని గెలవగలదు, దేశాన్ని మేపలేదు. ఎడ్లకు గడ్డి, మనుషులకు జొన్నలు తేవలసిన దారులు గుర్రాల చేతిలోనే ఉన్నాయి.

అదే ఏడాది ఘాజీయుద్దీన్ ఢిల్లీ నుంచి పెద్ద సైన్యంతో, మరాఠాల మద్దతుతో ఔరంగాబాదు వచ్చి, అక్టోబరులో విషప్రయోగంతో మరణించాడు. సలాబత్‌జంగ్ పీఠం నిలిచింది. అయితే దాన్ని నిలబెట్టిన దళానికి జీతం ఇవ్వడం సమస్య అయింది.

1753లో బుస్సీ అనారోగ్యంతో మచిలీపట్నంలో ఉన్నప్పుడు దివాను సయ్యద్ లష్కర్‌ఖాన్ ఈ సమస్యనే ఆయుధంగా వాడుకున్నాడు. ఫ్రెంచి దళానికి జీతాలు ఆపి, దాన్ని ముక్కలు ముక్కలుగా దూరప్రాంతాలకు పంపాడు. యుద్ధంలో ఓడించలేని దళాన్ని ఆకలితో కరిగించాలన్నది అతని ఆలోచన. ఆ ఆలోచన కొంత పనిచేసింది కూడా. సిపాయిలు సమ్మెకు సిద్ధమయ్యారు. బుస్సీ కోలుకుని ఔరంగాబాదు చేరి, జీతాల కోసం ప్రతిసారీ దివానును అడగనవసరం లేని ఏర్పాటు కోరాడు. ఫలితంగా ఆ ఏడాది చివర ముస్తఫానగర్ (కొండపల్లి), ఏలూరు, రాజమహేంద్రవరం, శ్రీకాకుళం సర్కారుల ఆదాయం ఫ్రెంచి దళం ఖర్చుకు అప్పగించబడింది.

ఈ ఒక్క నిర్ణయాన్ని విద్యార్థులు జాగ్రత్తగా చదవాలి. ఔరంగాబాదులో ఒక పాలకుడి పీఠం నిలవడానికి కృష్ణా, గోదావరి, నాగావళి తీరాల రైతులు శిస్తు కట్టాలి. ఆ రైతుల్లో చాలామంది సలాబత్‌జంగ్‌ను గాని బుస్సీని గాని చూసి ఉండరు. వారి ఊళ్ళ మీద ఆ నాటికి ఒక ఫిరంగి కూడా పేలలేదు. అయినా అంతర్యుద్ధపు ఖర్చు వారి పంట మీద పడింది. పటాల మీద ఎరుపు, నీలం బాణాలతో యుద్ధాన్ని చదివేటప్పుడు ఈ లెక్క కనబడదు.

8. హైదరాబాదులో ఫిరంగులు: చార్‌మహల్ (1756)

1756లో సవనూరు ముట్టడి సమయంలో సలాబత్‌జంగ్, దివాను షానవాజ్‌ఖాన్ సలహాతో బుస్సీని కొలువు నుంచి తొలగించాడు. బుస్సీ మచిలీపట్నం వెళ్తున్నట్టు కనబడి, జూన్‌లో హైదరాబాదు చేరి, నగరాన్ని ఆనుకుని ఉన్న చార్‌మహల్ అనే కుతుబ్‌షాహీల నాటి తోట భవనంలో మకాం వేసి, గోడల వెంట ఫిరంగులు నిలిపాడు. నిజాము సైన్యం వెంటాడి వచ్చింది. గుర్రాలు సంఖ్యలో ఎంత ఎక్కువైనా గోడల వెనుకనున్న ఫిరంగుల మీదికి దూకలేకపోయాయి. బుస్సీ దళమూ బయటికి వచ్చి స్వేచ్ఛగా సరుకులు తెచ్చుకోలేకపోయింది. గుర్రం, ఫిరంగి పరస్పరం కట్టడి చేసుకున్న స్థితి ఇది.

దీన్ని తేల్చింది మచిలీపట్నం నుంచి లా అనే అధికారి వెంట వచ్చిన అదనపు దళం. అడవులు, కొండ దారుల గుండా వస్తున్న ఆ దళాన్ని ఆపడానికి రౌతులను పంపారు. ఎగుడుదిగుడు నేల మీద గుర్రాలకు దూకుడు సాధ్యం కాదు, నడిచేవారికి ప్రతి బండా గోడే. ఆగస్టు మధ్యలో లా దళం బుస్సీని కలుసుకుంది. సలాబత్‌జంగ్ రాజీపడి బుస్సీని తిరిగి తీసుకున్నాడు. ఇదే సమయంలో అతడు మద్రాసు ఇంగ్లీషువారి సహాయం కోరాడు. వారు సిద్ధపడుతుండగానే కలకత్తా సిరాజుద్దౌలా వశమైన వార్త రావడంతో ఆ దృష్టి బెంగాలు వైపు మళ్ళింది. ఒక విదేశీ ఫిరంగిదళాన్ని వదిలించుకోవడానికి మరొక విదేశీ ఫిరంగిదళాన్ని పిలవడం తప్ప నిజాముకు మార్గం కనబడలేదన్నది ఇక్కడ గమనించవలసిన విషయం.

9. పర్యవసానాలు

ఫిరంగులు పీఠం దగ్గరే ఆగలేదు. 1757 జనవరి 24న విజయనగరం, బొబ్బిలి సంస్థానాల పాత పగలో బుస్సీ ఫిరంగులు బొబ్బిలి మట్టికోట మీద పేలాయి. విజయరామరాజు ఫ్రెంచివారికి సర్కారుల శిస్తు ఒప్పందదారు. శిస్తు సంబంధం ఇరుగుపొరుగు దొరల పగకు ఫిరంగిని అద్దెకిచ్చినట్టయింది. కోటలోని స్త్రీలు, పిల్లలు శత్రువుకు చిక్కకుండా అక్కడివారి చేతుల్లోనే ప్రాణాలు విడిచారు. కొద్ది రోజుల్లో తాండ్ర పాపారాయుడు విజయరామరాజును అతని డేరాలోనే చంపాడు. ఫిరంగి కోటను కూల్చింది. పగను ఆపలేకపోయింది.

1758 డిసెంబరులో చందుర్తి యుద్ధం, 1759 ఏప్రిల్‌లో మచిలీపట్నం పతనంతో సర్కారుల్లో ఫ్రెంచి అధికారం ముగిసింది. 1761లో నిజాం అలీఖాన్ అన్న సలాబత్‌జంగ్‌ను తొలగించాడు. 1766 ఒప్పందంతో ఉత్తర సర్కారులు ఈస్టిండియా కంపెనీ పరమయ్యాయి. గుంటూరు 1788లో చేరింది. సైన్యం జీతం కోసం తాత్కాలికంగా ఇచ్చిన నేల తిరిగి హైదరాబాదుకు రాలేదు. తెలుగువారు రెండు పాలనల కింద విడిపోవడానికి మూలాల్లో ఇది ఒకటి.

నిజాం అలీఖాన్ పాఠం నేర్చుకున్నట్టే కనిపిస్తాడు. సొంత ఫిరంగిదళం ఉండాలని రేమండ్ అనే ఫ్రెంచి అధికారిని కొలువులో పెట్టుకున్నాడు. ఆబిడ్స్ పక్కన గన్‌ఫౌండ్రీ అనే పేరు అప్పటి ఫిరంగుల కార్ఖానా నుంచి వచ్చిందే. 1795లో కుమారుడు అలీజా తిరుగుబాటు చేసినప్పుడు దాన్ని అణచినది ఈ దళమే. కాని 1798లో రేమండ్ మరణించాక, అదే ఏడాది కుదిరిన సైన్య సహకార ఒప్పందం ప్రకారం కంపెనీ ఆ దళాన్ని అక్టోబరులో నిరాయుధం చేసింది. సిపాయిలు అప్పటికే జీతాల బకాయిల కోసం సొంత అధికారుల మీద తిరగబడి ఉండడం కంపెనీ పనిని సులువు చేసింది. యాభై ఏళ్ళ తరువాత కూడా జీతం ప్రశ్న మారలేదు.

10. సారాంశం

ఈ అంతర్యుద్ధంలో అశ్వికదళం అనవసరమైన పాత వస్తువు కాలేదు, ఫిరంగిదళం సర్వశక్తిమంతమూ కాలేదు. గుర్రాలు సరఫరాలను శాసించాయి. ఫిరంగులు ఎదురెదురు పోరులో గుర్రాలను నిలువరించాయి. రెండూ కలిసి నడిచినచోట విజయం వచ్చింది, విడిపోయినచోట రాయచోటి వంటి నష్టం వచ్చింది. ముగ్గురు నాయకుల మరణానికీ ఫిరంగి గుండు కారణం కాదు. ఒకరు తుపాకికి, ఒకరు సొంత సర్దార్ల ద్రోహానికి, ఒకరు సొంత తొందరపాటుకు బలయ్యారు.

అసలు మార్పు మరోచోట జరిగింది. అధికారం జాగీరు గుర్రాల మీద ఆధారపడినప్పుడు సర్దార్లు పాలకుణ్ణి నిర్ణయించారు. నెలజీతపు ఫిరంగుల మీద ఆధారపడినప్పుడు ఆ జీతం ఇచ్చేవారు నిర్ణయించారు. జీతం తానే ఇవ్వలేని పాలకుడు భూమిని ఇచ్చాడు. పెట్లబురుజు మీద నా విద్యార్థి అడిగిన ప్రశ్నకు మిగిలిన సగం సమాధానం ఇది. ఏ ఫిరంగిని చూసినా అది ఎంత పెద్దదని అడిగిన తరువాత, దాని పక్కన నిలబడినవాడికి ఆ నెల జీతం ఎవరిచ్చారు, ఆ డబ్బు ఎవరి పొలం నుంచి వచ్చింది అని కూడా అడగండి.

కీలక పదాలు

సిలేదారు: సొంత గుర్రం, ఆయుధాలతో కొలువులో చేరే రౌతు.
బార్గీరు: సర్కారు లేదా సర్దారు ఇచ్చిన గుర్రం ఎక్కే రౌతు.
దాగ్: సైన్యపు గుర్రాలకు గుర్తింపు ముద్ర వేసే పద్ధతి.
తోప్‌ఖానా: ఫిరంగుల విభాగం.
సర్కారు: సుబాలో ఒక పరిపాలనా భాగం.

మాదిరి పరీక్ష ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు సుమారు 30 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. 1748–1751 మధ్య ఆసఫ్‌జాహీ వారసత్వ పోరును అంతర్యుద్ధంగా చర్చించండి.
2. సైన్యం జీతాల సమస్య ఉత్తర సర్కారుల అప్పగింతకు ఎలా దారితీసింది?

II. కింది ప్రశ్నలకు సుమారు 10 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. అశ్వికదళం బలాలు, పరిమితులు.
2. 1750 డిసెంబరు నాటి జింజీ పోరు.
3. చార్‌మహల్ ఘటన ప్రాధాన్యం.